సాక్ష్యానికి సరిపడా పాపం

మా సంఘంలో సాక్ష్యం చెప్పడానికి రెండు నిమిషాలే గడువు. ఆ నియమం రాసి గోడకు అంటించి పదకొండేళ్లయింది. ఇంతవరకు దాన్ని పాటించినవాడు ఒక్కడే. వాడి పేరు నతానియేలు. పాటించినందుకు వాణ్ణి ఎవరూ క్షమించలేదు.

సాక్ష్యమంటే తెలియనివాళ్లకు ఒక మాట చెప్పాలి. ఆరాధనలో పాటలయ్యాక ఎవరైనా లేచి, తాను ఒకప్పుడు ఎంత చెడిపోయిందీ, దేవుడు తనను ఎలా ఒడ్డున పడేసిందీ నలుగురికీ చెప్పుకోవచ్చు. వినడానికి మా వాళ్లకు మహా ఇష్టం. ఆలిస్ గారి పిత్తాశయంలో రాళ్ల సాక్ష్యం ఇరవై రెండు నిమిషాలు సాగుతుంది. ఏడాదికేడాది ఆ రాళ్లు పెరుగుతున్నాయి. మొదట్లో సెనగగింజంత ఉండేవి, ఇప్పుడు నిమ్మకాయంత అయ్యాయి. వాటిని తీసేసి తొమ్మిదేళ్లయిందన్న సంగతి ఎవరికీ అడ్డం రావడం లేదు. నాది వక్కపొడి సాక్ష్యం. ముప్పై ఏళ్ల కిందట మానేశాను, అంతే. అందుకే నన్ను లేవమని ఎవరూ అడగరు. మైకుల దగ్గర కూర్చోబెట్టారు.

నా పేరు దేవసహాయం. ఏ.ఎస్. రావు నగర్ దగ్గర ఎలక్ట్రానిక్స్ ఫ్యాక్టరీలో ముప్పై నాలుగేళ్లు పనిచేసి రిటైరయ్యాను. ప్రతి ఆదివారం బస్సెక్కి మారేడ్‌పల్లి వచ్చి, మా మందిరంలో వెనకవరస పక్కన సౌండు మిక్సరు ముందు కూర్చుంటాను. ఎవరి గొంతు ఎంత వినపడాలో నా వేళ్ల కింద ఉంటుంది. గట్టిగా అరిచేవాళ్లంటే నాకు చిన్నప్పటి నుంచీ పడదు. అలాంటి నా దగ్గరికే వీణ్ణి పంపించాడు దేవుడు.

నతానియేలు మార్తమ్మ గారి కొడుకు. ఆవిడ మా సండే స్కూల్లో ఇరవై ఆరేళ్లుగా టీచరు. ఊళ్లో సగంమంది పిల్లలకు పది ఆజ్ఞలు నేర్పింది ఆవిడే. కొడుకు మాత్రం జుట్టు నడుందాకా పెంచి, నల్లచొక్కా మీద పుర్రెబొమ్మతో తిరుగుతూ మెటల్ బ్యాండు పెట్టాడు. బ్యాండు పేరు శవపేటిక. అందులో వాడు గిటారు వాయిస్తూ పాడేవాడు. పాడేవాడని మర్యాదకు అంటున్నాను. గొంతులో చేపముల్లు ఇరుక్కున్నవాడు సాయం అడిగినట్టుండేది.

డ్రమ్స్ వాయించేది ఫరూఖ్. వాళ్ల నాన్న నాసర్‌కు మార్కెట్టు వెనక పరుపుల దుకాణం ఉంది. పైన దూది బేళ్లు పెట్టే గదిలో వీళ్ల సాధన. ఎంత బాదినా దూది ఆ మోతను మింగేసేది కాబట్టి వీధిలో ఎవరూ కొట్టడానికి రాలేదు. ఫరూఖ్ వాళ్లమ్మ మాబూబీ మధ్యాహ్నం కాగానే కిచిడీ, అందులోకి పుల్లటి ఖట్టా పైకి పంపేది. నతానియేలు కూడా ఆవిణ్ణి అమ్మీ అనే పిలిచేవాడు. నాలుగేళ్లలో వీళ్లిచ్చిన కచేరీలు ఆరు. ఒకదాంట్లో మొదటి పాటకే కరెంటు పోయింది. ఇంకోదాంట్లో వినడానికి వచ్చినవాళ్లంతా వీళ్ల తర్వాత వాయించాల్సిన బ్యాండువాళ్లే.

చావు, నరకం, నెత్తురు అని పాడేవాళ్లు గానీ, రాత్రి ఎనిమిదిన్నరకల్లా ఇల్లు చేరాలని మార్తమ్మ గారి ఆజ్ఞ. నతానియేలు ఏనాడూ దాన్ని దాటలేదు. వాడికి ఉబ్బసం. పక్కవాడు సిగరెట్టు ముట్టిస్తే జేబులో ఇన్‌హేలరు వెతుక్కునేవాడు. ఫరూఖేమో ఐదు పూటలా నమాజు చేసే మనిషి. ఇద్దరూ కలిసి తాగిందల్లా పాలు లేని సులేమానీ చాయ్. నరకం గురించి ఇంత మోత చేసి, ఇంత బుద్ధిగా బతికినవాళ్లను నేను చూడలేదు.

వాడు మారిన రోజు నేను అక్కడే ఉన్నాను. సండే స్కూల్లో కీబోర్డు వాయించే అమ్మాయి రాలేదని మార్తమ్మ గారు కొడుకును గిటారుతో సహా లాక్కొచ్చారు. ముప్పైమంది పిల్లలు చేతులూపుతూ పాడే పాట. వాడు బుద్ధిగానే మొదలుపెట్టాడు గానీ రెండో చరణానికి చెయ్యి అలవాటుకొద్దీ మెటల్లోకి వెళ్లిపోయింది. పిల్లలకు పూనకం వచ్చింది. బెంచీలెక్కి గెంతారు, మళ్లీ మళ్లీ అని అరిచారు. నాలుగుసార్లు వాయించి, తర్వాత వాడు వెనక మెట్ల మీద కూర్చుని వెక్కివెక్కి ఏడ్చాడు. నేను వైర్లు చుట్టుకుంటూ ఏమైందని అడిగాను.

"ఏమో అంకుల్. పిల్లలు పాడుతుంటే నన్నెవరో పేరు పెట్టి పిలిచినట్టయింది."

అంతే. ఉరుము లేదు, మెరుపు లేదు. వారం తర్వాత శవపేటిక మూతపడింది. వాడు దేవుని పాటలు కట్టడం మొదలుపెట్టాడు. అదే గిటారు, అదే మోత, మాటలే వేరు. దీన్ని క్రిస్టియన్ రాక్ అంటారని నాకు చెప్పాడు. ఆ వేగానికి డ్రమ్స్ కొట్టేవాడు మా సంఘంలో ఎవరూ లేరు కాబట్టి ఫరూఖే వచ్చాడు. నీకు అభ్యంతరం లేదా అని అడిగితే, మీ యేసే మాకు ఈసా నబీ, మాకు సుత ప్రవక్తే గద అంకుల్ అని నవ్వి, డ్రమ్ముల మీద దుమ్ము దులుపుకున్నాడు.

మా పాస్టరు యెషయా గారు చెడ్డ మనిషి కాదు. కానీ ఆ గిటారు మొదటిసారి విన్నప్పుడు ఆయన పట్టుకున్న నీళ్లగ్లాసు ఒలికింది. వెంటనే నా దగ్గరికి వచ్చి, మిక్సరు మీద గిటారు మీట పక్కన మూడో గీత దగ్గర తెల్ల టేపు ముక్క అంటించారు. మీట దాన్ని దాటకూడదన్నారు. ముందు సంఘం వీడి సాక్ష్యం వినాలి, వీడి మార్పు ఎంత గొప్పదో తెలిస్తే మోతను వాళ్లే భరిస్తారు, అప్పుడు టేపు సంగతి చూద్దామన్నారు.

నతానియేలు ఆ ఆదివారం లేచాడు. మెటల్ వాయించేవాణ్ణి, పిల్లలతో పాడుతుంటే ఏడుపొచ్చింది, ఇకనుంచి దేవుని కోసం వాయిస్తాను, స్తోత్రం అన్నాడు. కూర్చున్నాడు. ఒక నిమిషం నలభై సెకన్లు. సంఘమంతా కరెంటు పోయినప్పుడు చూసినట్టు చూస్తూ ఉండిపోయింది. మంచినీళ్ల కోసం ఆగాడా అని ఆలిస్ గారు పక్కావిణ్ణి పైకే అడిగారు.

టేపు కదల్లేదు.

ఇక్కడ నా తప్పు చెప్పుకోవాలి. వాడు దిగాలుగా నా దగ్గరికి వస్తే, నీ బతుకులో పొగ వాసనైనా లేదా నాయనా అని అడిగాను. ఒకసారి ఒక దమ్ము లాగాడట, రెండు గంటలు నెబ్యులైజరు పెట్టారట. ఇంకేం, దాంతో మొదలుపెట్టు అన్నాను. తర్వాతి వారం ఆ దమ్మును చెప్పాడు, నెబ్యులైజరును వదిలేశాడు. జనం ముందుకు వంగారు. పాస్టరు గారు టేపును నాలుగో గీతకు జరిపారు.

ఆ పై వారానికి ఒక దమ్ము రోజుకో పెట్టె అయింది. తర్వాత బీరు వచ్చింది. బోయినపల్లి సంఘంవాళ్లు పిలిస్తే అక్కడ గంజాయి చేరింది. మల్కాజిగిరిలో ఏకంగా సమాధుల తోటలో పడుకున్నాడు. ప్రతిసారీ హల్లెలూయాలు పెరిగాయి, టేపు పైకి పాకింది. మార్తమ్మ గారు మాత్రం ముందువరసలో తల వంచుకుని లెక్కలు వేసుకునేవారు. ఒకరోజు నా దగ్గరికి వచ్చి మెల్లగా అడిగారు.

"ఎనిమిదిన్నరకు ఇంట్లో ఉండేవాడండీ. దుప్పటి నేనే కప్పేదాన్ని. సమాధుల్లో ఎప్పుడు పడుకున్నాడు, దేవసహాయం గారూ?"

నేను వైరు సరిచేస్తున్నట్టు కిందికి వంగాను.

వెనక డ్రమ్స్ దగ్గర కూర్చుని ఇవన్నీ వినే ఫరూఖ్‌కు మొదట్లో భలే నవ్వులాటగా ఉండేది. "పోయిన వారం బీరన్నవ్, ఇయ్యాల గంజాయంటున్నవ్. ఆ దినాలల్ల నేను సుత నీ పక్కనే ఉంటి గద. జెర ముందే చెప్పు భై, మొఖం ఎట్ల పెట్టాల్నో సమజైత లేదు," అనేవాడు. నతానియేలు సిగ్గుపడి నవ్వేవాడు. అప్పుడే ఆపాల్సింది. ఆపకపోగా నేను ఇంకో సలహా ఇచ్చాను. ఒక్కడే చెడిపోయాడంటే జనం నమ్మరు, చెడగొట్టినవాడు ఒకడుండాలి, ఒక స్నేహితుణ్ణి పెట్టు, పేరు చెప్పనక్కర్లేదు అన్నాను. చాలా తెలివైన మాట చెప్పాననుకున్నాను.

బొల్లారం సంఘంలో చెప్పిన సాక్ష్యంలోకి ఆ స్నేహితుడు వచ్చాడు. వాడు నతానియేలును చెయ్యి పట్టుకుని ఎండ సోకని ఒక గదికి తీసుకెళ్లాడట. కింద దుకాణమట, పైన పాపమట. డ్రమ్స్ వెనక ఫరూఖ్ కర్రలు ఒళ్లో పెట్టుకుని నేల చూశాడు. ఆ రోజు నవ్వలేదు. జనంలో ఆలిస్ గారు ఉన్నారు. ఆవిడ ఇరవై ఏళ్లుగా పరుపులు కుట్టించుకునేది నాసర్ దుకాణంలోనే. పైన డ్రమ్స్ మోగే దుకాణం ఏదో కనిపెట్టడానికి ఆవిడకు దర్శనాలేమీ అక్కర్లేకపోయింది.

అప్పటికి మా ఉజ్జీవ సభలు, అంటే ఊరందరినీ పిలిచి జరిపే పెద్ద ప్రార్థన సభలు, దగ్గరపడ్డాయి. మారేడ్‌పల్లిలో ఒక స్కూలు గ్రౌండులో మూడు రోజులు. గోడల మీద నతానియేలు ఫొటో, కింద పెద్దక్షరాలతో "ఒకప్పటి సాతాను సంగీతకారుడు, నేడు దేవుని సైనికుడు" అని రాశారు. ఆఖరి రోజు సాయంత్రం వాడి సాక్ష్యం, తర్వాత పాట. అది బాగా జరిగితే ఇక ప్రతి ఆదివారం ఆరాధనలో వాడి బ్యాండే వాయిస్తుందని, టేపు పూర్తిగా పీకేస్తానని పాస్టరు గారు మాటిచ్చారు. వాడు ఆరు నెలలుగా ఎదురుచూస్తున్నది దానికోసమే.

ఆఖరి రోజు మధ్యాహ్నం, మందిరం నుంచి తెచ్చిన మిక్సరు, మైకులు సరిచూసుకుంటున్నాం. ఫరూఖ్ వచ్చాడు గానీ డ్రమ్స్ దగ్గర కూర్చోలేదు. కర్రలు నతానియేలు చేతికిచ్చాడు.

"నిన్న మీ ఆలిస్ ఆంటీ, ఇంకిద్దరు ఆంటీలు మా ఇంటికొచ్చిన్రు. కరపత్రమిచ్చిన్రు. నా తాగుడు బంద్ గావాలని దువా చేస్తమన్నరు. అమ్మీ వాళ్లకు చాయ్ పోసి పంపింది."

నతానియేలు ఆ కర్రలను డ్రమ్ము మీద పెట్టాడు.

"నేను ఇంటికి పోంగనే దగ్గరికి పిలిచింది. ఏమడగలే. నా నోరు వాసన చూసింది రా." ఫరూఖ్ గేటు వైపు తిరిగాడు. "ఇరవై తొమ్మిదేండ్లొచ్చినయి నాకు. మా అమ్మీ నా నోరు వాసన చూసింది."

ఇంకేమీ అనకుండా గ్రౌండు దాటి వెళ్లిపోయాడు. గేటు బయట చాయ్ బండి దగ్గర బల్ల మీద కూర్చున్నాడు. ఇంటికి ఎందుకు పోలేదో నాకు తెలియదు. పోవడానికి కాళ్లు రాలేదేమో. నతానియేలు నా వైపు చూశాడు. స్నేహితుణ్ణి పెట్టమన్నది నేనే కదా. నాకు అరవై నాలుగేళ్లు, ఆ చూపును ఎదుర్కోవడానికి ఒక్క ఏడూ పనికిరాలేదు.

సాయంత్రానికి గ్రౌండు నిండింది. పాస్టరు గారు కొత్త కోటు వేసుకున్నారు. డ్రమ్స్ ఖాళీగా ఉండటం చూసి అడిగితే, వస్తాడని అబద్ధం చెప్పాను. అప్పటికి అది నాకూ అలవాటైంది. నతానియేలును పిలిచారు. చప్పట్లు ఆగాక వాడు మైకు చేతిలోకి తీసుకున్నాడు.

"నేను ఎప్పుడూ తాగలేదు," అన్నాడు.

జనానికి అర్థం కాలేదు. అలవాటుకొద్దీ ఎవరో హల్లెలూయా అన్నారు.

"బీరు లేదు, గంజాయి లేదు. సమాధుల తోటలో పడుకోలేదు, నాకు దోమలంటే భయం. ఒక్క దమ్ము లాగిన, నెబ్యులైజరు పెట్టిన్రు. మిగతాదంతా మీరు మెచ్చుకుంటుంటే కలుపుకుంటూ పోయిన."

పాస్టరు గారు వేదిక మీంచి నా వైపు చూసి, గొంతు మీద అడ్డంగా చెయ్యి ఊపారు. మైకు ఆపెయ్యమని. నేను కళ్లజోడు తీసి పంచెకొంగుతో తుడవడం మొదలుపెట్టాను. ఆయన రెండు చేతులూ ఊపారు. అద్దాలకు చాలా మరకలున్నాయి. నేను తుడుస్తూనే ఉన్నాను.

"ఎండ సోకని గది అని చెప్పిన. అది దూది గది. నన్నక్కడ చెడగొట్టినవాడు ఎవరూ లేడు. మాబూబీ అమ్మీ నాలుగేళ్లు కిచిడీ పంపింది. ఖట్టాలో వేసే పల్లీలు నాకు పడవని వేరే గిన్నెలో పంపింది. నేను ఆ తల్లి కొడుకును తాగుబోతును చేసిన. ఆమె చేత కొడుకు నోరు వాసన చూపించిన." మైకును రెండు చేతులతో పట్టుకున్నాడు. "నేను చేసిన పాపం ఇదొక్కటే. రక్షణ పొంది మారకముందు చేసింది కాదు, తర్వాత చేసింది. ఈ మైకు పట్టుకునే చేసిన. ఇదే నా సాక్ష్యం."

పాస్టరు గారు కుర్చీలో కూర్చుని మొహం చేతుల్లో దాచుకున్నారు. ప్రార్థనో, బాధో చెప్పలేను. ముందువరసలో మార్తమ్మ గారు ఆరు నెలల తర్వాత తలెత్తారు. ఆవిడ ఏడుస్తున్నారు. కానీ ఆ మొహంలో లెక్క సరిపోయినవాళ్లకుండే నెమ్మది కనిపించింది.

అప్పుడు మూడో వరుసలో ఆలిస్ గారు లేచారు. ఆవిడకు మైకు అవసరం లేదు.

"నా రాళ్లు సెనగగింజంతే," అన్నారు. "రెండే." పైట సర్దుకుని, "రేపు పొద్దున నేను ఆ తల్లి దగ్గరికి వెళ్తాను," అని కూర్చున్నారు. ఆవిడ ఇచ్చిన సాక్ష్యాల్లో రెండు నిమిషాల్లోపు ముగిసింది అదొక్కటే.

నతానియేలు గిటారు తగిలించుకున్నాడు. డ్రమ్స్ లేకుండా ఆ పిల్లల పాటే మొదలుపెట్టాడు, మెల్లగా, తప్పులతో. ఏడుపుతో ఊపిరి అందక చరణం మధ్యలో ఆగి ఇన్‌హేలరు పీల్చాడు. జనం ఎటు చూడాలో తెలియక చెప్పుల వైపు చూసుకున్నారు. నేను హెడ్‌ఫోన్లు పెట్టుకుని కూర్చున్నాను. నాకు చేతనైంది అదే.

గేటు దగ్గర కదలిక కనిపించింది. చాయ్ బండి పక్కనున్న స్తంభానికి మా మైకుసెట్టు హారన్ కట్టి ఉంది. వాడు చెప్పిందంతా రోడ్డు దాకా వినిపించింది. ఫరూఖ్ కుర్చీల మధ్య నుంచి నడిచొచ్చి, వేదిక ఎక్కి, డ్రమ్స్ వెనక కూర్చున్నాడు. నతానియేలు వాయించడం ఆపి వెనక్కి తిరిగాడు. డ్రమ్స్ దగ్గరి మైకును జనానికి వినపడకుండా ఆపి ఉంచాను, హెడ్‌ఫోన్లలో నాకొక్కడికే వినిపిస్తుంది. వాళ్లిద్దరి మాటలూ నా చెవిలో పడ్డాయి.

"అమ్మీకి ఫోన్ కలిపి హారన్ కాడ పట్టుకున్న. మొత్తం విన్నది."

"ఏమన్నది?"

ఫరూఖ్ కర్రలు చేతిలోకి తీసుకున్నాడు.

"నువ్వు అన్నం తిన్నవా లేదా అడుగుమన్నది."

నతానియేలు జనానికి వీపు పెట్టి అలాగే నిలబడిపోయాడు. జుట్టు మొహం మీద పడి ఉంది, భుజాలు ఎగసిపడుతున్నాయి. తినలేదన్నట్టు తల అడ్డంగా ఊపాడు. ఫరూఖ్ కూడా ముక్కు మోచేత్తో తుడుచుకుని, కర్రలు రెండూ పైకెత్తి నాలుగు లెక్కపెట్టాడు.

నేను మిక్సరు మీది తెల్ల టేపును గోటితో పీకి, గిటారు మీటను చివరిదాకా తోశాను.